ఆరో కొవ్వొత్తి

సెప్టెంబర్ 12

ఈరోజు హెల్త్ సెంటర్‌లో నర్సు మా పక్కింటి మనాంగ్ డెల్ఫాను నా కూతురు లెన్‌లెన్ తల్లి అనుకుంది. మీ పాప బరువు బాగుందమ్మా, ఇక రాత్రిపూట పాలు మాన్పించండి, అని ఆమెకు చెప్పింది. లెన్‌లెన్ ఆమె చంకలో ఉంది మరి. నేను సంచీ పట్టుకుని వెనక నిలబడ్డాను. మనాంగ్ డెల్ఫా చెప్పులు వెతుక్కునే తొందరలో ఆ మాట సరిగ్గా వినలేదు. తల్లిని నేను అని చెప్పాల్సింది నేనే. సంచీ ఇంకో చేతికి మార్చుకున్నాను.

పిల్లల బరువు రాసుకోమని తల్లులకు తలా ఒక నోటుపుస్తకం ఇచ్చారు. అది కూడా ఆమె చేతికే ఇచ్చారు. ఇంటికొచ్చాక నాకిచ్చింది. ముందు పేజీలో లెన్‌లెన్ బరువు, పది కిలోల రెండు వందలు. వయసు ఏడాది పది నెలలు. వెనక పేజీలన్నీ ఖాళీ. మా ఇంట్లో పుస్తకం వెనక పేజీలు తిప్పేవాళ్లు లేరు. ఆరో తరగతి తర్వాత నేను ఇంత రాయడం ఇదే మొదలు.

నర్సు చెప్పినవి కూడా రాసుకుంటాను, లేకపోతే మరిచిపోతాను. పిల్లలు మింగేవాటి గురించి చెప్పింది. నాణెం అయితే చాలాసార్లు దానంతట అదే బయటికి పోతుందట, అయినా డాక్టర్‌కు చూపించాలి. ఊపిరాడక, దగ్గూ ఏడుపూ కూడా రాకపోతే ముందుకు వంచి వీపు మీద గట్టిగా చరచాలి. కనిపించనిదాని కోసం గొంతులో వేలు పెట్టి కెలకకూడదు. అన్నిటికన్నా పాడుది బిళ్ల బ్యాటరీ. క్లాసు మొదట్లో ఆమె సాసర్లో ఒక మాంసం ముక్క పెట్టి దాని మీద ఆ బిళ్లను ఉంచింది. చివర్లో తీసి చూపిస్తే దాని కింద నల్లగా కాలిపోయి ఉంది. గొంతులో ఇరుక్కుంటే ఇంతే, రెండు గంటలు చాలు అంది. వాంతి చేయించొద్దు, తిండి పెట్టొద్దు, ఎక్స్‌రే ఉన్న ఆసుపత్రికి పరుగెత్తండి, ఏడాది దాటిన పిల్ల అయితే దారిలో పది నిమిషాలకోసారి రెండు చెంచాల తేనె పోయండి, తేనె కోసం మాత్రం ఆగిపోకండి, అంది. వెనక నుంచి ఎవరో, ఆ మాంసం పారెయ్యకండి నర్సమ్మా, మా ఆయన దానికైనా వంక పెట్టకుండా తింటాడు, అంటే అందరూ నవ్వారు.

మనాంగ్ డెల్ఫా లేచి, మరి చేప ముల్లు అయితేనో అని అడిగింది. నర్సు జవాబు చెప్పేలోపే ఆడవాళ్లంతా గోల చేశారు. నువ్వుండగా మాకు ఆసుపత్రెందుకే అని. నర్సుకు కూడా నవ్వొచ్చింది.

నాకు రాలేదు.

సెప్టెంబర్ 19

మనాంగ్ అని అక్కలా పిలుస్తాను గానీ డెల్ఫా నాకు తోడికోడలు. మా ఆయన విల్మార్‌కు అన్న భార్య. ఆ అన్న బెర్తో మూడేళ్ల కింద సముద్రంలో పోయాడు. పిల్లల్లేరు. మా కంచెకు ఆవల ఒక్కతే ఉంటుంది. ఎదురుకాళ్లతో పుట్టింది. అలా పుట్టిన సుహీ మనిషి చేత్తో నిమిరితే గొంతులో ముల్లు దిగిపోతుందని దీవి అంతా నమ్మకం. మా పుట్టింటి కొండల్లో కూడా సుహీలున్నారు గానీ వాళ్లకు పని ఉండదు. మాకు అక్కడ ముళ్ల చేపలేవి? బాంగుస్ చేప తినడం నేను పెళ్లయ్యాకే నేర్చుకున్నాను. దాంట్లో కండ కన్నా ముళ్లే ఎక్కువ.

ఈ మధ్యాహ్నం విల్మార్ గొంతులో ముల్లు గుచ్చుకుంది. అన్నం ముద్ద మింగు అన్నాను. తల అడ్డంగా ఊపి, కంచె దాటి వెళ్లిపోయాడు. నేను వంటింటి తడిక సందులోంచి చూశాను. ఆమె మెట్టు మీద కూర్చుంది. ఆయన కింద మెట్టు మీద, తల వెనక్కి వాల్చి, ఆమె మోకాళ్లకు ఆనించి. కళ్లు మూసుకున్నాడు. ఆమె కొబ్బరినూనె రాసుకుని, రెండు వేళ్లతో గొంతు మీద కింది నుంచి పైకి, పై నుంచి కిందికి. ఏమీ మాట్లాడుకోలేదు. మాట్లాడుకుంటే బాగుండేది.

వచ్చాక, పోయింది, అన్నాడు. తన తొమ్మిదో ఏట కూడా ఇలాగే తీసిందట. అప్పటికి ఆమెకు పదిహేనేళ్లు, మా అన్నకు ఇంకా పెళ్లి కూడా కాలేదు అని చెప్పాడు. ఈ కథ నాకు నాలుగోసారి చెప్పడం.

సెప్టెంబర్ 20

ఆయన మెడ మీద ఇంకా కొబ్బరినూనె వాసన.

అక్టోబర్ 5

నాన్న కొండ దిగి వచ్చాడు. అడవి తేనె ఒక సీసా తెచ్చాడు, మనవరాలికని. చెట్టెక్కి తీసింది. చెయ్యంతా తేనెటీగల కాట్లు. మధ్యాహ్నం తిని వెంటనే వెళ్లిపోయాడు. సముద్రం పక్కన నిద్ర పట్టదు ఆయనకు.

ఆయన పడవ అలా కదిలిందో లేదో, మా అత్త నానాయ్ ఆ సీసా తీసుకెళ్లి మనాంగ్ డెల్ఫాకు ఇచ్చేసింది. ఆమె దగ్గరికి దగ్గులూ గొంతులూ పట్టుకుని పదిమంది వస్తారు, మన ఇంట్లో ఉంటే చీమలు తాగుతాయి, అంది. నీకేమైనా అభ్యంతరమా ఆర్లిన్ అని కూడా అడిగింది, ఇచ్చొచ్చాక.

లేదు నానాయ్ అన్నాను.

అక్టోబర్ 17

లెన్‌లెన్ ఈరోజు ఆమెను మా అని పిలిచింది. నన్ను కూడా మా అనే పిలుస్తుంది. ఇద్దరం పలికాం. పిల్ల అటు వెళ్లింది.

అక్టోబర్ 30

విల్మార్ తన పడవలో జనాన్ని పట్నం చేరవేసి తిరిగి వస్తూ బ్యాటరీ కొవ్వొత్తులు తెచ్చాడు. ఆరు. చిన్న దీపం ఆకారం, అడుగున మీట నొక్కితే వెలుగుతుంది, నిజం మంటలాగా వణుకుతుంది కూడా. ఎల్లుండి సమాధుల పండుగ. మా శ్మశానం సముద్రం ఒడ్డునే, ఏ కొవ్వొత్తీ గాలికి నిలవదు. పోయినేడు మనాంగ్ డెల్ఫా రాత్రంతా అగ్గిపుల్లలు గీస్తూనే ఉంది, చూడలేకపోయాను, అన్నాడు.

అవి నాకు చూపించలేదు. నేరుగా కంచె దాటి ఆమెకు ఇచ్చాడు. ఆరింటినీ అరుగు మీద వరసగా పెట్టి వెలిగించింది. చప్పట్లు కొట్టింది. విల్మార్ ముఖం చూశాను. నాతో పెళ్లిలో కూడా అంత సంతోషంగా లేడు.

ఇంట్లోకొచ్చి, నీకేం తెచ్చానో చెప్పుకో అన్నాడు. బట్టల సబ్బు.

అక్టోబర్ 31

రాయాలా వద్దా అని ఇంతసేపూ ఆలోచించాను.

ఆమె బెర్తో సమాధికి సున్నం వేయడానికి వెళ్లింది. నానాయ్ అరిటాకుల్లో చుట్టే తీపి అన్నానికి కొబ్బరి తురుముతోంది. నేను అరిటాకుల కోసం మనాంగ్ డెల్ఫా పెరట్లోకి వెళ్లాను. కొవ్వొత్తులు కిటికీ దగ్గర ఉన్నాయి. ఒకటి తీశాను. అడుగున చిన్న మూత, దానికి చిన్న మర. ఆకులు కోసే కత్తి మొనతో తిప్పితే వచ్చేసింది. లోపల బిళ్ల. దాన్ని తీసుకుని మూత మళ్లీ బిగించి, కొవ్వొత్తిని దాని చోట్లో పెట్టేశాను.

ఎందుకు అంటే చెప్పలేను. ఆరూ వెలిగితే ఆమె మళ్లీ చప్పట్లు కొడుతుంది. అయిదే వెలగాలి. అంతే.

బిళ్లను నా పౌడర్ డబ్బాలో, దూది కింద పెట్టాను. పండుగ అయ్యాక తిరిగి పెట్టేస్తాను.

నవంబర్ 1

అయిదే వెలిగాయి.

ఆమె ఆరోదాన్ని ఊపింది. అరచేతిలో తట్టింది. మీట నొక్కింది, మళ్లీ నొక్కింది. విల్మార్ తీసుకుని చూడబోతే ఇవ్వలేదు. వద్దులే, నాకు అర్థమైంది, అంది. మేం కాపురం చేసింది ఆరేళ్లు, ఆరో ఏడు చివర్లో పోట్లాడుకున్నాం, ఆ పొద్దున పడవెక్కేటప్పుడు కూడా నేను ముఖం చూపించలేదు, ఆయన ఇంకా మనసులో పెట్టుకున్నాడు, అని ఏడ్చింది. మూడేళ్లలో ఆమె ఏడవడం నేను చూడలేదు. నానాయ్ కూడా ఏడ్చింది. చుట్టుపక్కల సమాధుల దగ్గర పాటలు ఆగిపోయాయి.

నేను తీపి అన్నం పొట్లాలు విప్పి అందరికీ పంచాను. ఒక్క మెతుకు కింద పడలేదు. దానికే నాకు భయం వేసింది.

నవంబర్ 2

ఆరో కొవ్వొత్తిని ఆమె సమాధి మీదే వదిలేసి వచ్చింది. తిరిగి పెడదామంటే ఇప్పుడు ఎలా? రేపు నీళ్లకు వెళ్లినప్పుడు చూడాలి.

నవంబర్ 5, ఆసుపత్రి

ఈ పుస్తకం లెన్‌లెన్ బరువు కోసం అడుగుతారని తెచ్చాను. బరువు అడిగారు. రాసుకున్నారు. పిల్ల నిద్రపోతోంది. ముక్కులో గొట్టం. మొత్తం రాస్తాను.

మొన్న, మూడో తారీకు. పదింటికి స్నానం చేసి పౌడర్ రాసుకున్నాను. అప్పుడు బిళ్ల ఉంది, దూది ఎత్తి చూశాను కూడా. డబ్బా బల్ల మీదే పెట్టి బట్టలు ఆరేయడానికి వెళ్లాను. పన్నెండు కాకముందే అన్నాలకు కూర్చున్నాం. విల్మార్ పడవ ఒడ్డున కట్టి ఉంది, ఒంటి గంటకు మళ్లీ వెళ్లాలి. బాంగుస్ పులుసు. నానాయ్ లెన్‌లెన్ నోట్లో ఒక ముద్ద పెట్టింది. పిల్ల ఉమ్మేసి ఏడ్చింది. చొంగ ఆగకుండా కారుతోంది. ఇంకో ముద్ద పెడితే దగ్గింది, గొంతు పట్టుకుంది.

ముల్లు, అంది నానాయ్. ఎన్నిసార్లు చెప్పాను ఆర్లిన్, పిల్లకు పెట్టేముందు వేళ్లతో నలిపి చూడమని, కొండ నుంచి వచ్చినదానికి చేపతో ఏం పని, అంది. ముద్ద పెట్టింది తనే. నానాయ్ కంచె వైపు తిరిగి, డెల్ఫా, ఓ డెల్ఫా, ఉన్నపళంగా రావే, అని కేకేసింది.

ఆమె చెయ్యి కడుక్కోకుండానే వచ్చింది. లెన్‌లెన్‌ను ఒళ్లో వేసుకుంది. నా తల్లి, నా బంగారం, ఎక్కడ గుచ్చుకుందే, చూపించు, అంటూ గొంతు నిమరడం మొదలుపెట్టింది. ఏడుస్తున్న పిల్ల ఆమె ఒళ్లో మెత్తబడింది. విల్మార్ ఆమె పక్కనే మోకాళ్ల మీద కూర్చున్నాడు. ముగ్గురూ అలా ఉంటే, ఎవరైనా వచ్చి చూస్తే, నేను పక్కింటి మనిషిని అనుకుంటారు.

నిమిరింది, నిమిరింది. చొంగ ఆగలేదు. ఆమె చెయ్యి పనిచేయడం లేదని నాకు తెలుస్తోంది. నాకు బాగుంది. ఎవరూ చదవరు కాబట్టి రాస్తున్నాను, ఒక్క క్షణం నాకు బాగుంది.

మూతి తుడవడానికి గుడ్డ తేవాలని లోపలికి వెళ్లాను. పౌడర్ డబ్బా నేల మీద బోర్లా పడి ఉంది. దూది మంచం కింద. చిన్న చిన్న తెల్లటి పాదాల గుర్తులు. చేతులతో నేలంతా తడిమాను. చాపలు ఎత్తాను. బిళ్ల లేదు. అప్పుడు గుర్తొచ్చింది, పిల్ల మూతి చుట్టూ తెల్లగా ఉండడం చూశాను, అన్నం మెతుకు అనుకున్నాను.

వెంటనే బయటికి పరుగెత్తానని రాయాలని ఉంది. పరుగెత్తలేదు. డబ్బా పట్టుకుని నిలబడ్డాను. చెప్తే అందరికీ తెలుస్తుంది. ఆమెకు తెలుస్తుంది. నాణెం మింగినట్టుంది అంటే సరిపోతుందా అని ఆలోచించాను. నాణెం అంటే రేపు చూద్దాంలే అంటారు. బయట నానాయ్, వేలు పెట్టి కక్కించు అంటోంది. వద్దత్తా, అన్నం ముద్ద మింగిస్తే ముల్లు దాంతోపాటు జారిపోతుంది, అంటోంది మనాంగ్ డెల్ఫా. సాసర్లో మాంసం ముక్క గుర్తొచ్చింది. ఆ వాసన.

బయటికి వచ్చేసరికి ఆమె వేళ్ల మధ్య అన్నం ముద్ద ఉంది, లెన్‌లెన్ నోరు తెరిచి ఉంది. నేను ఆ చేతి మీద కొట్టాను. ముద్ద నేల మీద పడింది. నా గొంతు అంత పెద్దదని నాకే తెలియదు. ముల్లు కాదు, బ్యాటరీ, అన్నాను. ఏ బ్యాటరీ అన్నాడు విల్మార్. సమాధి మీద వెలగనిదాంట్లోది, నేనే తీశాను, నా డబ్బాలో దాచాను, అన్నాను. ఏమీ పెట్టొద్దు, కక్కించొద్దు, ఇప్పుడే పట్నం వెళ్లాలి, గొంతు కాలిపోతుంది, అన్నాను.

నానాయ్, ఎందుకు తీశావే అంది. ఇక్కడ కూర్చుని అడిగేంత టైం లేదు నానాయ్ అన్నాను. అత్తకు అలా ఎదురు చెప్పడం ఇదే మొదలు.

తర్వాత మనాంగ్ డెల్ఫా వైపు తిరిగి, తేనె కావాలి, మా నాన్న తేనె, అన్నాను.

ఆమె నా వైపు చూసింది. లెన్‌లెన్‌ను నా చేతుల్లో పెట్టి కంచె మీంచి దూకింది. దూకడమే. సీసా, చెంచా తెచ్చింది. అప్పటికే విల్మార్ ఇంజన్ తిప్పాడు.

పట్నం నలభై నిమిషాలు. అలలు పెద్దవిగా ఉన్నాయి. నా ఒళ్లో పిల్ల నిలవలేదు. వెంట వచ్చిన మనాంగ్ డెల్ఫా తీసుకుంది. పిల్లను ఆమె పట్టుకుంది, చెంచా నేను పట్టుకున్నాను. పదేసి నిమిషాలకు రెండు చెంచాలు. తన ఫోన్‌లో టైం చూసి, ఇప్పుడు పోయ్, అనేది ఆమె. మూడోసారి పోశాక, ఆయన కోపం కాదన్నమాట, అంది. నీళ్లవైపు చూస్తూ అంది. కాదు అన్నాను. ఇంజన్ మోతలో విందో లేదో.

ఆసుపత్రి గుమ్మంలో, తల్లి ఎవరు, అని అడిగారు. పిల్ల ఆమె భుజం మీద ఉంది. మనాంగ్ డెల్ఫా నన్ను వీపు మీద చెయ్యి వేసి ముందుకు తోసింది. ఈమే తల్లి, ఏం మింగిందో ఈమెకే తెలుసు, అంది.

చెప్పాను. బ్యాటరీ, కొత్తది, పదింటి తర్వాత, తేనె నాలుగుసార్లు, ఇంకేమీ దిగలేదు, రెండు ముద్దలు పెడితే ఉమ్మేసింది. తలదించుకోకుండా చెప్పాను. ఎక్స్‌రేలో గుండ్రంగా తెల్లటి బిళ్ల, అంచున ఇంకో గీత. నాణేనికి ఆ రెండో గీత ఉండదట. అప్పటికప్పుడు లోపలికి తీసుకెళ్లారు. మత్తిచ్చి, గొట్టం దింపి తీశారు.

డాక్టర్ చిన్న సీసాలో బిళ్లను చూపించాడు. ఒక వైపు నల్లబడింది. గొంతు లోపల కాలింది గానీ చిల్లు పడలేదు, సాయంత్రం దాకా ముల్లనుకుని కూర్చుంటే ఇలా మాట్లాడేవాణ్ని కాదు, అన్నాడు. గండం ఇంకా పూర్తిగా గడవలేదు, కొన్నాళ్లు చూడాలి, అన్నాడు. పిల్లకు ఎలా దొరికింది అని అడిగాడు. నేను దాచాను అన్నాను. అది కూడా రాసుకున్నాడు.

నవంబర్ 6

నిన్న ఒకటి రాయలేదు. మత్తు దిగి కళ్లు తెరిచినప్పుడు మంచానికి ఇటు నేను, అటు ఆమె. లెన్‌లెన్ చేతులు అటు చాచింది.

అప్పుడు కూడా నాకు మండింది. ఇంత జరిగాక కూడా.

నవంబర్ 7

మనాంగ్ డెల్ఫా దీవికి వెళ్లిపోయింది. వెళ్లేముందు లెన్‌లెన్ దుప్పటి సర్దింది. నాతో చెప్పి వెళ్లలేదు.

నవంబర్ 13

గొట్టంలోంచే పాలు. లెన్‌లెన్ మా అంటూ తలుపు వైపు చూస్తుంది. నేను ఇక్కడే ఉన్నానే అంటే నన్నూ చూస్తుంది, మళ్లీ తలుపూ చూస్తుంది.

విల్మార్ రోజూ ఆఖరి పడవ తర్వాత వస్తాడు. ఈరోజు అడిగాడు. నీకు ఆమె మీద అంత కోపం ఎందుకు అని. మీ మెడ మీద నూనె వాసన అన్నాను. ఆయనకు అర్థం కాలేదు. చాలాసేపటికి అర్థమైంది. పిచ్చిదానివా, ఆమె చెయ్యి నాకు మా అమ్మ చెయ్యిలాంటిది, అన్నాడు. తర్వాత, సబ్బు నువ్వే కదే తెమ్మన్నావు, అన్నాడు. నిజమే, నేనే తెమ్మన్నాను.

నవంబర్ 19

గొట్టం తీసేశారు. నాలుగు చెంచాల జావ మింగింది. గొంతు ఇరుకు కాకుండా చూడాలి, నెల తర్వాత మళ్లీ రమ్మన్నారు.

నవంబర్ 23

ఇంటికి వచ్చాం. వాకిట్లోనే నానాయ్, ఎవరైనా కొవ్వొత్తులుంటే లోపల పెట్టుకోండర్రా, మా కోడలొచ్చింది, అంది. చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. నేను తల దించుకోలేదు, ఎత్తనూ లేదు. తర్వాత వంటింట్లో నాకు మొదటి కంచం పెట్టింది నానాయే.

కంచె ఆవల తలుపు వేసి ఉంది.

నవంబర్ 28

పడవల రేవు నుంచి ఒకాయన కొడుకును ఎత్తుకుని మనాంగ్ డెల్ఫా దగ్గరికి వచ్చాడు. గొంతులో ముల్లట. తడిక సందులోంచి విన్నాను. ముల్లు కళ్లతో చూశారా అని అడిగింది ఆమె. చూడలేదు గానీ ముల్లే అయ్యుంటుంది, ఇంకేముంటుంది, అన్నాడాయన. చూడకపోతే నేను చెయ్యి వెయ్యను, హెల్త్ సెంటర్‌కు తీసుకెళ్లండి, దారిలో ఏమీ పెట్టకండి, అంది. ఆయన గొణుక్కుంటూ వెళ్లాడు. సుహీకి గర్వమెక్కిందని. ఆమె రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని చాలాసేపు మెట్టు మీద కూర్చుంది.

తర్వాత లెన్‌లెన్ కంచె సందులోంచి దూరి వెళ్లింది. నేను ఆపలేదు. ఆపాలనిపించలేదని రాయను. ఆపలేదు.

డిసెంబర్ 3

శ్మశానానికి వెళ్లొచ్చాను, ఒక్కదాన్నే. విల్మార్ చేత కొత్త బిళ్ల తెప్పించాను. ఆరో కొవ్వొత్తి అక్కడే ఉంది, అంచున సున్నం అంటుకుని. మర గట్టిగా బిగించాను, రెండుసార్లు చూశాను. పట్టపగలు కాబట్టి వెలుగుతున్నట్టే తెలియలేదు. చేతులు అడ్డం పెట్టి చూశాను. వెలుగుతోంది.

ఆమెకు చెప్పడానికి వెళ్లి, కంచె దగ్గర నుంచి తిరిగొచ్చేశాను.

డిసెంబర్ 8

గొంతులో ముల్లు గుచ్చుకుందని మనాంగ్ డెల్ఫా ఇంటికి వెళ్లాను. ఏం తిన్నావు అంది. బాంగుస్ అన్నాను. ముల్లు కళ్లతో చూశావా అంది. చూశాను అన్నాను. కూర్చో, గడ్డం పైకెత్తు, అంది.

మధ్యాహ్నం మా ఇంట్లో తిన్నది కోడిగుడ్లు. అవి పొద్దున కంచె మీంచి నానాయ్‌కి అందించింది మనాంగ్ డెల్ఫానే.

చాలాసేపు నిమిరింది.